ప్రమాదశబ్దార్థ విచారము: శబ్దవేధి కథయు శిక్షాస్మృతియు

తుపాకిగుండు తగిలి యొకఁడు మృతినొందినప్పుడు తెలుఁగు వార్తాపత్రికలలోఁ దఱచుగాఁ గానవచ్చు వాక్యము "తుపాకి ప్రమాదవశాత్తు పేలినది" యనునది. ఈ చిన్న వాక్యమునందు వ్యాకరణాంశ మొకటియు, అర్థాంశ మొకటియు, న్యాయాంశ మొకటియు నిమిడియున్నవి. పేలు ధాతువు అకర్మకము, పేల్చు సకర్మకము. తుపాకి పేలినదని వ్రాసినచో వాక్యమునకుఁ గర్త తుపాకియే యగును. దానిఁ బట్టిన చేయి వాక్యమునుండి తొలఁగిపోవును. "మిస్‌ఫైరైనది" అని వ్రాయువారును గలరు. ఆ యాంగ్లపదమునకు మీట నొక్కినను తూటా పేలకుండుట యని యర్థము. పేలి ప్రాణము దీసిన దానికిఁ బేలనిదాని పేరు పెట్టుట విపరీతము.

ఈ వాక్యము చదివిన మృతుని తల్లిదండ్రులకుఁ దెలియునది యొకటియే: తమ బిడ్డను ఎవ్వఁడును చంపలేదని. వారు దాని నంగీకరింపలేక, "ఇది హత్య" యని మొఱపెట్టుదురు. పేల్చినవాఁడు "నాకుఁ జంపవలెనను తలంపు లేదు, కావున నేను నిర్దోషిని" అనును. ఒకరు దోషమును బూర్తిగా మోపుదురు. ఒకరు పూర్తిగా దులుపుకొందురు. ఈ రెంటికిని నడుమ నున్న స్థానమునకుఁ బేరు లేకపోవుటయే వివాదమునకు మూలము. ఆ పేరు పూర్వము లేనిది కాదు. అది ప్రమాదమే. తెలుఁగువారు దాని యర్థమును బోఁగొట్టుకొనిరి. శ్రీమద్రామాయణమందలి శబ్దవేధి కథను నిదానించి చదివినచో పోయిన యర్థము మరల దొరకును.

శబ్దవిచారము

అమరసింహుఁడు ప్రమాదమునకు అనవధానతను బర్యాయముగా నిచ్చెను. భగవద్గీత దానిని దమోగుణకార్యములలోఁ జేర్చినది. ఉద్యోగపర్వమున సనత్సుజాతుఁడు ధృతరాష్ట్రునకు ప్రమాదమే మృత్యువని యుపదేశించెను. ఈ ప్రయోగములన్నిటను బ్రమాదము పురుషునియందలి దోషము. వానికి వెలుపల జరిగిన సంఘటనము గాదు. బుద్ధిమంతులకును బ్రమాదము గలుగుననెడు లోకోక్తికి వారును ఏమఱుదురని యర్థము; వారికి ఆపద వచ్చునని కాదు.

తెలుఁగున నీ పదము క్రమముగా జాఱినది. "రోగికి ప్రమాదముగా నున్నది" యనునప్పు డది యపాయము. "రైలుప్రమాదము" అనునప్పు డది దుర్ఘటన. "ప్రమాదవశాత్తు" అనునప్పు డది దైవవశమునకు మాఱుమాట. ఏమఱినవాఁ డెవ్వఁడని యడుగవలసిన పదము, ఎవ్వఁడును లేఁడని చెప్పు పదమైనది.

దీనికిఁ దోడుగా మఱియొక పదమునకును నిట్టి గతియే పట్టినది. స్మృతులలో సాహసము అష్టాదశ వ్యవహారపదములలో నొకటి. బలదర్పముచేఁ జేయు దుష్కార్యమునకు నా పేరు. వెనుక ముందు చూడక చేయు పనికిని సంస్కృతమున నా పదము చెల్లును. తెలుఁగున నేఁడది ధైర్యమునకుఁ బర్యాయము. బాలురకు పాఠశాలలో సాహసకృత్యములకై బహుమానము లిచ్చెదరు. ఆ యర్థమునఁ దప్పు లేదు. కాని పెండ్లిపందిటిలోఁ దుపాకి గాలిలోనికిఁ గాల్చు యువకుని పనియు నీ పదముయొక్క క్రొత్త వెలుఁగులోనే నిలిచి, మెప్పును బొందుచున్నది. ప్రమాదము, సాహసము అను నీ రెండు పదములును దోషమును విడిచిపెట్టఁగా, భాషలో హత్య యొక కొనను, విధి యొక కొనను మాత్రము మిగిలినవి.

ఈ విచారమునకు మచిలీపట్టణము తగిన నెలవు. కృష్ణామండలపు జిల్లా న్యాయస్థాన మచటనే యున్నది. ఆ బందరులోనే హిందూ ఉన్నతపాఠశాలయందుఁ జెళ్లపిళ్ల వేంకటశాస్త్రి తెలుఁగు పండితుఁడై యుండెను. నందమూరునఁ బుట్టి రామాయణ కల్పవృక్షమును రచించిన విశ్వనాథ సత్యనారాయణ (1895–1976) ఆ గురువు నొద్దనే చదివెను. ఒక వీథిలో నరహత్యాభియోగములు విచారింపఁబడుచుండఁగా, వేఱొక వీథిలో దశరథుని మృగయ పాఠము చెప్పఁబడు పట్టణ మది. న్యాయవాదియు పండితుఁడును ఒకే ప్రశ్నను వేఱువేఱు పరిభాషలతో విచారించుచున్నారని వారిలో నొకరి కొకరు చెప్పుకొనిన మేలగును.

శిక్షాస్మృతిలోని సోపానములు

1860లో నేర్పడి, 1862 జనవరి 1 నుండి యమలులోనికి వచ్చిన భారత శిక్షాస్మృతి యీ విషయమును దృష్టాంతములతో నిరూపించినది. 2024 జులై 1 నుండి దాని స్థానమున నడచుచున్న భారతీయ న్యాయసంహితయు నా దృష్టాంతములనే నిలిపినది. అందుఁ దుపాకికిఁ జెందినవి ముఖ్యముగా మూఁడు.

మొదటిది: ఒకఁడు కారణము లేకయే జనసమూహముమీఁద ఫిరంగి పేల్చును, అందొకఁడు చచ్చును. వీఁ డేమనుష్యునిఁ జంపవలెనని ముందుగాఁ దలంపకపోయినను, ఇది హత్యయే. తన పనివలన మరణము తప్పదని యెఱుఁగుటయే యిచట సంకల్పముతో సమానము. రెండవది: పొదచాటున నొక మనిషి యున్నాఁడని యెఱిఁగినవాఁడు, ఎఱుఁగనివానిచే నా పొదమీఁదఁ దుపాకి కాల్పించును. కాల్చినవాఁడు నిర్దోషి కావచ్చును, కాల్పించినవాఁడు నరహత్యాపరాధి. మూఁడవది: ఒకఁడు దొంగిలించుటకై యొక కోడిని గాల్చును, పొదవెనుక నున్న మనుష్యుఁడు చచ్చును, ఆ మనుష్యుఁ డచట నున్నాఁడని వీఁ డెఱుఁగఁడు. చేయుచున్న పని దొంగతనమే యైనను, ఇది నరహత్యాపరాధము గాదని స్మృతి నిర్ణయము.

వీనికిఁ దోడు నాలుగవ దృష్టాంతము గొడ్డలిది. ఒకఁడు గొడ్డలితోఁ బనిచేయుచుండఁగా దాని తల యూడి యెగిరి, దాపున నున్నవానిఁ జంపును. తగిన జాగరూకతలో లోపము లేనిచో నాతఁడు క్షమార్హుఁడు. ఈ క్షమకు స్మృతి పెట్టిన నిబంధనలు గట్టివి: చేయుచున్న పని న్యాయ్యమై యుండవలెను, న్యాయ్యమైన రీతిని జేయఁబడుచుండవలెను, తగిన శ్రద్ధతోఁ జేయఁబడుచుండవలెను, దుష్టసంకల్పముగాని తాదృశమైన యెఱుకగాని యుండరాదు. నాలుగును గలిసిననే క్షమ.

ఇపుడు కోడిని గాల్చినవానినిఁ జూడుఁడు. వాని పని న్యాయ్యము గాదు గనుక గొడ్డలివానికి దొరకిన క్షమ వానికి దొరకదు. మనుష్యుఁ డున్నాఁడని యెఱుఁగఁడు గనుక నరహత్యాపరాధమును వానిపై నిలువదు. వాఁడు నిలుచుచోటు నడుమ నున్నది. 1860 నాఁటి స్మృతిలో నిట్టి మరణమునకుఁ బ్రత్యేకమైన సెక్షను లేదు. 1870లో నొక సవరణచే 304-ఏ సెక్షను చేర్పఁబడెను. నరహత్యాపరాధము గాని దుడుకుపనివలనఁ గాని, నిర్లక్ష్యపుఁబనివలనఁ గాని మరణము గలిగించినవానికి రెండేండ్లవఱకుఁ గారాగృహశిక్ష గాని, జుల్మానా గాని, రెండును గాని అందు విధింపఁబడెను. న్యాయసంహితలో నిది 106వ సెక్షనై, శిక్ష యైదేండ్లవఱకుఁ బెరిగినది.

దుడుకుతనమునకును నిర్లక్ష్యమునకును భేద మేమి? ఈ ప్రశ్నకు 1872లో మద్రాసు హైకోర్టున, నిడమర్తి నాగభూషణము పేర నున్న కేసులో న్యాయమూర్తి హాలోవే చెప్పిన నిర్వచనము దేశమంతటను నేఁటికిని బ్రమాణముగాఁ జెల్లుచున్నది. కీడు కలుగవచ్చునని యెఱిఁగియు, కలుగదులే యను నాశతో, తాను జాలినంత జాగ్రత్తపడితినను నమ్మికతోఁ జేయుట దుడుకుతనము. కీడు కలుగునను నెఱుక లేకయే చేసినను, తాను బడవలసిన జాగ్రత్త పడియున్నచో నా యెఱుక తప్పక కలిగియుండెడి దనఁదగిన సందర్భమునఁ జేయుట నిర్లక్ష్యము. తెలుఁగు పేరు గల యీ కేసునందలి నిర్వచనమును సంస్కృతపరిభాషలోనికి మార్చినచో, మొదటిది సాహసము, రెండవది ప్రమాదము. పూర్వార్థములతోఁ జూచిన నింతకంటెఁ దగిన పదములు లేవు.

సంకల్పము గుఱి తప్పినంతమాత్రమునఁ బోదనుటకు 1912లో మద్రాసు హైకోర్టు తీర్చిన సూర్యనారాయణమూర్తి కేసు దృష్టాంతము. ఒకని జీవితమునకు భీమా చేయించి, వానిఁ జంపుటకై విషము గలిపిన హల్వా పెట్టఁగా, వాఁడు కొంచెము తిని పాఱవైచెను. ఆ మిగిలినదానిని దిని యొక బాలిక చనిపోయెను. న్యాయమూర్తులలో భేదాభిప్రాయము గలిగినను, తుద కది హత్యయే యని నిర్ణయింపఁబడెను. మనుష్యుని గుఱిచేసిన సంకల్పము వేఱొక మనుష్యునిపైఁ బడినను సంకల్పమే. కాని మృగమును గుఱిచేసిన సంకల్పము మనుష్యునిపైఁ బడినపుడు హత్యాసంకల్పముగా మారదు. దశరథుని విషయమున నీ భేదమే ముఖ్యము.

వాల్మీకి చెప్పిన తీరు

శ్రీరాముఁ డడవి కేఁగిన యాఱవ రాత్రి, నడురేయి, దశరథుఁడు కౌసల్యకుఁ దన యౌవనమునాఁటి కథ చెప్పెను. వర్షర్తువు, సాయంకాలము, సరయూతీరము. నీరు ద్రావవచ్చు దున్ననో, యేనుఁగునో, మఱియే మృగమునో కొట్టవలెనని యువరాజు కాచియుండెను. చీఁకటిలోఁ గుండ నిండు చప్పుడు విని, దానిని గజబృంహితముగాఁ దలంచి, చప్పుడు వచ్చిన దిక్కునకు బాణము విడిచెను. మనుష్యుని యార్తనాదము వినఁబడెను. ధనుస్సు చేతులనుండి జాఱిపోయెను. లోకమునందు శ్రవణకుమారుఁడని వాడుకగల యా బాలునకు వాల్మీకి పేరు పెట్టలేదు.

కథారంభమున రాజు చెప్పిన మాటలు గమనింపఁదగినవి. తన కర్మఫలమును దానే యనుభవించుచున్నానని యతఁ డనును. పని మొదలుపెట్టునపుడు దాని ఫలముల గురులాఘవముల నెఱుఁగనివాఁడు బాలుఁడని యనును. తెలియక విషము దిన్న పిల్లవానితోఁ దన్నుఁ బోల్చుకొనును. తెలియమి యున్నదని యొప్పుకొనుచునే, ఆ తెలియమియే తన దోషమని చెప్పుచున్నాఁడు. బాణమును విడిచినవాఁడను నేనే యని యుత్తమపురుషలోనే చెప్పెను. బాణము విడువఁబడినదని చెప్పలేదు. పేలినది, పేల్చితిని అను భేద మిచటనే యున్నది.

తీర్పు చెప్పినవాఁడు గ్రుడ్డితండ్రి. ఆతని మాటలలో న్యాయసోపానము స్పష్టముగాఁ గానవచ్చుచున్నది. ఈ పాపమును నీయంతట నీవే వచ్చి చెప్పకుండినచో నీ శిరస్సు వ్రక్కలై యుండెడిది; తెలిసి చేసియున్నచో రఘువంశమే నిలిచి యుండెడిది కాదు; తెలియక చేసితివి గనుక బ్రతికియున్నావు; బ్రహ్మహత్య నిన్నంటదు; అయినను, నేను పుత్రశోకముతోఁ బోవునట్లు నీవును బోయెదవు. ఇందుఁ జెప్పఁబడినవి నాలుగు: ఒప్పుకోలు లఘుత్వకారణము, ఎఱుక గురుత్వకారణము, ఎఱుక లేమి హత్యాదోషమును దొలఁగించును, అయినను దోషమంతయుఁ దొలఁగదు. కొడుకును బోఁగొట్టుకొన్న తండ్రి నోట నింత తూనికగల తీర్పును బెట్టుట కవియొక్క మహత్త్వము.

పూర్వపక్షములు

దశరథుఁ డెఱుఁగఁడు గనుక దోషమే లేదని యొక పక్షము. మృగయ రాజధర్మము, చీఁకటిలో మునిబాలుఁడుండునని యెవ్వఁ డూహించును? అంతయు విధి, అవతారకార్యమునకు శాపము కావలసియుండెను అని పురాణప్రవచనములలోఁ దఱచుగాఁ జెప్పుదురు. శాపము తగిలినది గనుక హత్యయే యని యింకొక పక్షము. రెండును మూలమునకు సరిపడవు. దోషమే లేనిచో గ్రుడ్డితండ్రి శాపము అధర్మమగును. వాల్మీకి దాని నధర్మముగాఁ జూపలేదు. హత్యయే యైనచోఁ "దెలియక చేసితివి గనుక బ్రతికియున్నావు" అను మాటకు అర్థముండదు.

పురాణకథను శిక్షాస్మృతితోఁ దూఁచుట తగునా యనువారికి సమాధానమిది. దశరథుని నిప్పుడు శిక్షింపవలసిన పని లేదు. కవి యే రేఖను గీచెనో చూచుటయే పని. ఆ రేఖ యెంత సూక్ష్మమో తెలియుటకు దీనికి సోదరకథలైన మఱి రెంటినిఁ జూడవలెను.

ఆదిపర్వమునఁ బాండురాజు మిథునీభావమున నున్న లేడిని బాణములతోఁ గొట్టెను. అది మృగరూపము దాల్చిన కిందమముని. పాండురాజు చూచియే కొట్టెను. ఎంత శ్రద్ధతోఁ జూచినను లేడియే కానవచ్చును. కావున మృగమును గొట్టినందుకు నిందింపననియు, తెలియక చేసితివి గనుక బ్రహ్మహత్య లేదనియు ముని యొప్పుకొనును. అతఁడు నిందించినది వేఱు: కొట్టరాని సమయమునఁ గొట్టిన క్రూరత. ఇది వస్తుభ్రమ, ప్రమాదము గాదు. మౌసలపర్వమున జర యను బోయ, యోగమున శయనించిన శ్రీకృష్ణుని మృగమని భ్రమించి పాదమునఁ గొట్టెను. దగ్గఱకు వచ్చి చూచి పాదములపైఁ బడెను. భగవంతుఁడు వాని నూరడించెను. జరయును జూచెను, కాని పొరపడెను.

దశరథుఁడు చూడనేలేదు. చూడకయే కొట్టుటయే యతని ప్రఖ్యాతి. పాండురాజునకుఁ గన్ను మోసపోయినది. జరకుఁ గన్ను పొరపడినది. దశరథుఁడు కన్నునకుఁ బనియే పెట్టలేదు. పురాణశ్రోతలు మూఁటిని "తెలియక చేసినవి" యని యొక్క కట్టగాఁ గట్టుదురు. వ్యాసవాల్మీకులు కట్టలేదు.

ఈ రహస్యమును వాల్మీకి యింకొకచోట నిగూఢముగా నుంచెను. బాలుఁడు మరణించిన పిదప రాజు నీటికుండను దీసికొని యాశ్రమమునకుఁ బోయెను. అడుగుల చప్పుడు విని గ్రుడ్డితండ్రి, నాయనా, యింత యాలస్యమేల, త్వరగా నీరు తెమ్మనెను. అతఁడును జప్పుడునే నమ్మి పొరపడెను; రాజు నడకను గొడుకు నడక యనుకొనెను. ఒక కథలో రెండు శబ్దభ్రమలు. గ్రుడ్డివానికిఁ జప్పుడు దప్ప వేఱు గతి లేదు. రాజునకుఁ గన్నులున్నవి, కాళ్లున్నవి, గొంతున్నది. ఒకే భ్రమ యొకనియందుఁ గరుణాస్పదమును, వేఱొకనియందు దోషాస్పదమును నగుటకు గారణమిదియే. తాను బడఁగలిగిన జాగ్రత్త పడకుండుట ప్రమాదము. పడఁజాలమి ప్రమాదము గాదు. హాలోవే నిర్వచనమున నున్నదియు నింతియే.

ఒక్క కేక

పడవలసిన జాగ్రత్త యెంత? మనుస్మృతి యెనిమిదవ యధ్యాయమున బండ్లవలనఁ గలుగు హానిని గూర్చిన విధి యున్నది. ముకుత్రాడు తెగినను, కాఁడి విఱిగినను, ఇరుసు విఱిగినను, చక్రము విఱిగినను, తోలువాఁడు "తొలఁగుఁడు" అని కేక వేసినను దండము లేదు. తోలువాని నేర్పులేమివలన బండి ప్రక్కకుఁ దొలఁగి హాని జరిగినచో యజమానునకు దండము. తోలువాఁడు నేర్పరియైనచో దండము వానికే. అట్టి తోలుటవలన మనుష్యుఁడు చచ్చినచో దోషము చోరునితో సమానము. పరికరము విఱుగుట వేఱు, నడపువాఁ డేమఱుట వేఱు అను గొడ్డలి దృష్టాంతపు భేదమే యిది. యాజ్ఞవల్క్యస్మృతికి వెలసిన మితాక్షరను తిక్కన కాలమువాఁడైన కేతన విజ్ఞానేశ్వరీయమను పేరఁ దెలుఁగు పద్యములలోనికిఁ దెచ్చెను. వ్యవహారము తెలుఁగుకవులకుఁ బరాయివిషయము గాదనుట కది సాక్ష్యము.

మనువు చెప్పిన కేకను సరయూతీరమునకుఁ దెచ్చినచో దశరథుని దోషపరిమాణము తెలియును. "ఎవరది?" యని యతఁ డొక్క కేక వేసియున్నచోఁ గుండ నింపుచున్న బాలుఁడు పలికియుండును. కేక వేసినచో మృగము పాఱిపోవును. వేటగాఁడు కేక వేయకపోవుట కదియే హేతువు. మృగము తప్పిపోవునను భయము మనుష్యుఁ డుండునేమో యను శంకను మ్రింగినది. నీటిరేవు మృగములకు మాత్రమే గాక మనుష్యులకును రేవే. అచటఁ జప్పుడు వినఁబడినపుడు మనుష్యుని శంకింపవలసిన బాధ్యత యడవినడుమకంటె నెక్కువ.

దీనిని గృష్ణాసాగరసంగమమునకుఁ దెచ్చి చూచినను న్యాయ మొక్కటియే. దివిసీమ మడయడవుల కాలువలలోను, గుడివాడకు ఈశాన్యమున నున్న కొల్లేటి యంచులలోను నీటిపక్షులు వ్రాలును. ఆ కాలువలలోనే తెల్లవాఱకముందే వలలు తీయువారును, పీతలు పట్టువారును దిరుగుదురు. దృష్టాంతమునకు, ఒకఁడు నాటుతుపాకితోఁ బొంచియుండి, తుంగలోఁ గలిగిన చప్పుడునకుఁ బిట్ట యని కాల్చెననుకొనుఁడు, వలవాఁడు చచ్చెననుకొనుఁడు. 1972 నాఁటి వన్యప్రాణి సంరక్షణ చట్టము వేటను నిషేధించినది. కావున వాని పని న్యాయ్యము గాదు. గొడ్డలివాని క్షమ వానికి లేదు. వాఁడు మనుష్యునిఁ గోరి కొట్టలేదు. కావున హత్య గాదు. జనులు తిరుగు కాలువయని యెఱుఁగవలసినవాఁడు, కావున ప్రమాదము. జనులను గన్నులారఁ జూచియు, తగులదులే యని కాల్చినచో సాహసము. తగిలి తీఱునని యెఱిఁగి కాల్చినచో నరహత్యాపరాధమును, దానిని మించి హత్యయును గాఁగలదు. చప్పు డొకటియే, గుం డొకటియే, మృతుఁ డొకఁడే. మెట్లు మాత్రము నాలుగు.

తీర్పులును నీ మెట్లనే యనుసరించినవి. చేను కాచుచు, తోఁటలోఁ గదలినది యెలుఁగుబంటి యని నమ్మి బాణము వేయఁగా మనుష్యుఁడు చచ్చిన కేసున, 1978లో నొరిస్సా హైకోర్టు నిందితునకు క్షమ నిచ్చెను. అతఁడు తన పంటను గాచుకొనుచుండెను. అతని నమ్మిక సద్బుద్ధితోఁ గూడినది. 1959లో బొంబాయిలో జరిగిన నానావతి కేసునఁ దుపాకి పెనుగులాటలోఁ బ్రేలెనను వాదమును 1961లో సుప్రీముకోర్టు త్రోసివైచెను. మృతుఁడు స్నానము చేసి చుట్టుకొన్న తువాలు తొలఁగక యుండుట, గుండ్లు మూఁడు తగులుట మొదలగునవి పెనుగులాట కథకు బాధకములైనవి. కావున అది హత్య. 2020లోఁ దీర్పైన భగవాన్ సింగు కేసున, పెండ్లి వేడుకలోఁ జూరువైపుఁ గాల్పఁగా మనుష్యులు చనిపోయిరి. సుప్రీముకోర్టు దానిని హత్యనుండి నరహత్యాపరాధమునకు దించినది గాని, ప్రమాదమువఱకు దింపలేదు; జనులు గూడినచోటఁ గాల్చువాఁడు మరణసంభవమును ఎఱుఁగకుండఁ జాలఁడని తలఁచెను. వేడుకకాల్పులకు ఆయుధచట్టముననే వేఱు శిక్ష 2019 సవరణచే నేర్పడినది.

ఆంధ్రప్రదేశ ప్రభుత్వమునకును రాయవరపు పున్నయ్యకును 1976లోఁ దీర్పైన వ్యాజ్యెము తుపాకిది గాదు. కఱ్ఱలతోఁ గొట్టి చంపినది. అయినను నరహత్యాపరాధము జాతి యనియు, హత్య యందొక విశేష మనియు, ప్రతి హత్యయు నరహత్యాపరాధమే గాని ప్రతి నరహత్యాపరాధమును హత్య కాదనియు నందు జేసిన తార్కికవిభాగము దేశమంతటను బాఠమైనది. తర్కసంగ్రహము చదివిన పండితున కీ జాతివిశేషవిభాగము వెంటనే బోధపడును.

వాగ్దానమును బాణమును

ఈ కథను వాల్మీకి రాజు చివరిరాత్రి యందే యేల యుంచెను? శాపము ఫలించు సమయ మగుటచేత ననుట పై సమాధానము. లోపలి సమాధానము వేఱు. కైకేయి కోపగృహమునఁ బడియుండఁగా రాజు ఆమె యేమి కోరునో వినకయే, రాముని మీఁద నొట్టుపెట్టుకొని, కోరినది చేసెదనని పలికెను. అదియుఁ జూడక విడిచిన బాణమే. యౌవనమునఁ జప్పుడు విని బాణము విడిచినవాఁడు వార్ధకమున విన్నపము వినకముందే మాట విడిచెను. రెండుచోట్లను విడిచినది మరలి రాలేదు. రెండుచోట్లను దగిలినది దోషము లేని కుమారునకు. రెండుచోట్లను గ్రుంగినవారు తల్లిదండ్రులు.

అంతవఱకుఁ గైకేయిని నిందించుచున్న రాజు, ఆ రాత్రి తన స్వభావమందలి పాఁతదోషమును గుర్తించెను. చెప్పుకొన్నది కౌసల్యతో, ఆమె యిప్పుడు కొడుకును బోఁగొట్టుకొన్న యా గ్రుడ్డితల్లి స్థానమున నున్నది. ఒకప్పు డాశ్రమద్వారమునఁ గుండ చేఁబట్టి చేసిన యొప్పుకోలే మరణశయ్యపై మరల జరిగినది. కథ నిట్లు చదివినచో శాపము వెలుపలినుండి వచ్చిన శిక్ష గాదు. ప్రమాదము తనంతఁ దాను బండిన ఫలము. విధివాద మీ సౌందర్యమును గప్పివేయును, హత్యావాదము చెఱచును. ప్రమాదశబ్దముయొక్క మూలార్థమే దీనిఁ దెఱచు తాళపుచెవి.

ఉపసంహారము

పదముల యర్థము మారుట భాషాధర్మము. మారినదానిని బలవంతముగా వెనుకకుఁ ద్రిప్పలేరు. రైలుప్రమాదము రైలుప్రమాదముగానే యుండును. కాని కోల్పోయిన యర్థమునకు వేఱొక పదమును నిలుపుకొనుట సాధ్యము. నేఁడు వాడుకలో నున్న నిర్లక్ష్యశబ్దమున ధిక్కారచ్ఛాయ గలదు. ఏమఱినవాఁ డెల్లప్పుడును ధిక్కరించినవాఁడు గాఁడు. అచ్చతెనుఁగున ఏమఱుపా టను మాట యింకను జీవించియున్నది. పొరపాటునకును ఏమఱుపాటునకును భేదము పల్లెలలో నందఱు నెఱుఁగుదురు: చూచియుఁ దప్పుగాఁ దెలియుట పొరపాటు, చూడవలసినది చూడకుండుట యేమఱుపాటు. పాండురాజుది పొరపాటు. దశరథునిది యేమఱుపాటు.

"తుపాకి ప్రమాదవశాత్తు పేలినది" యనుటకు మాఱుగా "ఫలానివాఁ డేమఱుపాటునఁ దుపాకి పేల్చెనని యభియోగము" అని వ్రాసినచో వాక్యమునకుఁ గర్త తిరిగి వచ్చును. హత్య యను నింద తొలఁగియే యుండును. తీర్పు న్యాయస్థానమునకే మిగులును. పేల్చినవానికి మెడకు మించిన యురి పడదు. పోయినవానికి "ఎవ్వఁడును చంపలేదు" అను శూన్యము మిగులదు. గ్రుడ్డితండ్రి కోరినదియు నింతకంటె నెక్కువ గాదు. రాజు వచ్చి, నీ కొడుకును గొట్టినవాఁడను నేనే యని చెప్పినందుననే యతని శిరస్సు నిలిచినది.